బిడ్డ వార్డు దాటకముందే కంటి ఫోటో తీయించండి

ఉత్తర తెలంగాణ జిల్లాల్లోని పిల్లల డాక్టర్లకు, నవజాత శిశు కేంద్రాల సిస్టర్లకు, జిల్లా వైద్యాధికారులకు నమస్కారం.

నేను హనుమకొండలో రెటీనా డాక్టర్‌ను, అంటే కంటి లోపలి వెనక పొరను చూసే డాక్టర్‌ను. షుగర్‌తో చూపు పోగొట్టుకుంటున్న పెద్దవాళ్లే నా ఓపీలో ఎక్కువ. ఈ ఉత్తరం వాళ్ల గురించి కాదు. ఏడో నెలలోనో ఏడున్నర నెలలకో పుట్టి, మీ చేతుల మీద బతికి, కిలోన్నర బరువుతో ఇంటికి పోయే పిల్లల గురించి. ఒకప్పుడు కిలో బరువు బిడ్డను బతికించాలంటే హైదరాబాద్ దారి పట్టాల్సిందే. ఇవాళ జిల్లా కేంద్రంలోనే బతుకుతోంది. ఆ ఘనత మీదే, అందుకే అడగడం కూడా మిమ్మల్నే. బతికిన బిడ్డ కంట్లో రక్తనాళాలు ఎట్లా పెరుగుతున్నాయో వార్డులో ఉండగానే ఫోటో తీయించండి. ఆ ఫోటో బిడ్డ ఎక్కడికి పోతే అక్కడికి వెళ్లేలా చూడండి.

'ఆర్‌ఓపీ (రెటినోపతీ ఆఫ్ ప్రీమెచ్యూరిటీ, నెలలు నిండకముందు పుట్టిన బిడ్డ రెటీనాకు వచ్చే జబ్బు) సంగతి మాకు తెలియదా' అనుకుంటారేమో. తెలుసు, అందరం పరీక్షల్లో రాసినవాళ్లమే. కాని ఏ వారంలో కంటి లోపల ఏం జరుగుతుందో కళ్లకు కట్టినట్టు ఉంటే తప్ప పరీక్ష తేదీ మీద పట్టుదల రాదు. కాబట్టి కాస్త ఓపిక పట్టండి.

గర్భంలో సుమారు 16వ వారం దాకా రెటీనాలో రక్తనాళాలే ఉండవు. ఆ తర్వాత కంటి నరం మొదలయ్యే చోట, ఆప్టిక్ డిస్క్ దగ్గర పుట్టి, నాలుగు దిక్కులకూ పాకడం మొదలుపెడతాయి. ముక్కు వైపు దూరం తక్కువ, 36వ వారానికల్లా అంచు చేరతాయి. చెవి వైపు అంచు చేరేసరికి దాదాపు 40వ వారం. ఎస్సారెస్పీ కాలువ కింద సాగు చేసిన ఇంట్లో పుట్టిన వాళ్లకు దీన్ని విడమరచి చెప్పక్కర్లేదు. తూము దగ్గరి మడి ముందు తడుస్తుంది, చివరి ఆయకట్టు ఎదురు చూస్తుంటుంది. 28 వారాలకే పుట్టిన బిడ్డ కంట్లో చెవి వైపు రెటీనా అంతా ఇంకా నీళ్లు చేరని చివరి ఆయకట్టే.

గర్భంలో బిడ్డ రక్తంలో ఆక్సిజన్ ఒత్తిడి పాదరసం లెక్కన 30 మిల్లీమీటర్ల చుట్టుపక్కల ఉంటుంది. బయటికి వచ్చి మామూలు గాలి పీల్చినా అది రెట్టింపు దాటుతుంది. పైన మనం పెట్టే ఆక్సిజన్ సరేసరి. రెటీనాకు అవసరం తీరిపోయినట్టు తోస్తుంది. నాళాలను ముందుకు రమ్మని పిలిచే వీఈజీఎఫ్ అనే ప్రొటీన్ తయారీ పడిపోతుంది. నాళాలు ఎక్కడివక్కడ ఆగిపోతాయి, సన్నవి కొన్ని మూసుకుపోతాయి కూడా. ఈ దశలో ఎవరికీ ఏమీ కనబడదు. బిడ్డ పాలు తాగుతుంది, బరువు పెరుగుతుంది, మనం సంతోషిస్తాం.

ఇంకొన్ని వారాలకు రెటీనా ఎదుగుతుంది, దాని ఆక్సిజన్ అవసరం పెరుగుతుంది. నాళాలు చేరని భాగం ఒక్కసారిగా వీఈజీఎఫ్‌ను కుమ్మరిస్తుంది. ఆగిన నాళాలు మళ్లీ మొలుస్తాయి, కాని దారి తప్పుతాయి. రెటీనా మీదుగా పాకాల్సినవి దాన్ని వదిలి కంటి నడుమనున్న విట్రియస్ జెల్లీలోకి లేస్తాయి. వాటి వెంటే పీచులాంటి పొర పెరుగుతుంది. ఆ పొర ముడుచుకున్నప్పుడు రెటీనాను గుంజి ఊడదీస్తుంది. మొదటి రెండు స్టేజీల్లో కనబడేది నాళాలు ఆగిన చోట ఒక తెల్లని గీత, తర్వాత గట్టు. మూడో స్టేజీలో కొత్త నాళాలు లేస్తాయి. నాలుగో స్టేజీకి రెటీనా కొంత ఊడుతుంది, అయిదుకు మొత్తం. అయిదో స్టేజీ బిడ్డకు ఆపరేషన్ చేసినా, వెలుతురుకూ చీకటికీ తేడా తెలిస్తే అదే పెద్ద ఫలితమని తల్లికి చెప్పాల్సి వస్తుంది.

ఆక్సిజన్ అందని రెటీనాయే ఏదో పదార్థాన్ని వదిలి నాళాలను పిలుచుకుంటుందని 1948లోనే మైకేల్సన్ అనే కంటి డాక్టర్ ఊహించాడు. ఆ పదార్థం వీఈజీఎఫ్ అని తేలడానికి నాలుగు దశాబ్దాలకు పైనే పట్టింది. నా ఓపీలో అరవై ఏళ్ల షుగర్ మనిషి కంట్లో నెత్తురు కారడానికి కారణం కూడా అదే ప్రొటీన్. తేడా గడువులో ఉంది. ఆయనకు ఏళ్లు పట్టేది, ఈ బిడ్డకు వారాల్లో అయిపోతుంది.

ఆక్సిజన్ పాఠం మనకంటే ముందు వేరే దేశాలు నేర్చుకున్నాయి, అదీ చాలా మూల్యం చెల్లించి. 1942లో బోస్టన్‌లో టెర్రీ ఈ జబ్బును మొదటిసారి వర్ణించాడు. విచ్చలవిడిగా ఇచ్చే ఆక్సిజన్‌కు దీనితో సంబంధం ఉందని 1951లో మెల్‌బోర్న్‌లో కేట్ క్యాంప్‌బెల్ చెప్పింది. అంతే, అందరూ ఆక్సిజన్‌కు కళ్లెం వేశారు. అంధత్వం తగ్గింది కాని ఊపిరి అందక పోయిన పిల్లల సంఖ్య పెరిగింది. కాబట్టి ఆక్సిజన్ తగ్గించమని నేననడం లేదు, కొలిచి ఇవ్వమంటున్నాను. ఆక్సిజన్ మీద ఉన్నంతసేపు సాచురేషన్ (రక్తంలో ఆక్సిజన్ నిండిన శాతం) 90 నుంచి 95 శాతం మధ్య ఉండాలని, పై అలారం కూడా పెట్టాలని మీకు నేను చెప్పక్కర్లేదు. కాని పల్స్ ఆక్సిమీటర్‌లో కింది అలారం మోగితే పరుగెత్తే మనం, 100 చూపిస్తుంటే నిశ్చింతగా కూర్చుంటాం. చిన్న నర్సింగ్‌హోముల్లో ఆక్సిజన్‌లో గాలి కలిపే బ్లెండర్ లేకుండా సిలిండర్ నుంచి నేరుగా బిడ్డ తల మీది హుడ్‌లోకి పోయేది నూటికి నూరు శాతం ఆక్సిజన్. దారిలో అంబులెన్స్‌లో ఇచ్చేదీ అంతే.

పాశ్చాత్య దేశాల పుస్తకాలు చదివి ఈ జబ్బు కిలోలోపు పిల్లలదే అనుకోవడం మన దగ్గర చెల్లదు. ఈ జబ్బుకు అంతర్జాతీయ వర్గీకరణ 1984లో వచ్చింది. ఉధృతంగా ముదిరే రకాన్ని 2005లో చేర్చినప్పుడు, అది కంటి వెనుక భాగంలోనే వస్తుందన్నట్టు పేరు పెట్టారు. 2021లో ఆ పేరులోంచి 'వెనుక భాగం' అన్న ముక్క తీసేశారు. వసతులు తక్కువగా ఉన్న చోట్ల కాస్త బరువైన పిల్లల్లోనూ, వెనుక భాగం దాటి కూడా ఆ రకం కనబడుతున్నదని ఒప్పుకోవడమే దానికి కారణం. మన దేశ మార్గదర్శకాలు 34 వారాలలోపు పుట్టినవాళ్లను, రెండు కిలోల లోపు పిల్లలందరినీ చూడమనేది అందుకే. 34 నుంచి 36 వారాల మధ్య పుట్టినవాళ్లనైనా, ఎక్కువ రోజులు ఆక్సిజన్ మీద ఉంటేనో, సెప్సిస్ (ఒంటికంతా పాకిన ఇన్ఫెక్షన్) వస్తేనో చూడాలి. మొదటి పరీక్ష పుట్టిన 30 రోజుల్లోపు జరగాలి. 28 వారాలలోపు, లేదా 1200 గ్రాముల లోపు పిల్లలకైతే రెండు మూడు వారాలకే.

ఆ 30 రోజులు మన ఇళ్లల్లో ఎట్లాంటి రోజులో మీకు తెలుసు. 21వ రోజు తొట్టెల. నెల బాలింతను గడప దాటనీయరు, పచ్చి బిడ్డను గాలి తగలనీయరు. అందులో తప్పు పట్టడానికేమీ లేదు, ఇన్ఫెక్షన్ భయం మనకూ ఉంది. పైగా ఆస్పత్రి నుంచి బాలింత పోయేది అత్తగారింటికి కాదు, తల్లిగారింటికి. కేస్‌షీటు మీద రాసింది భర్త ఊరు. జగిత్యాల, సిరిసిల్ల దిక్కు అయితే ఫోన్ నంబరు కూడా ఆయనదే, ఆయన ఉండేది దుబాయిలోనో మస్కట్‌లోనో. పరీక్షకు రమ్మని మీ సిస్టర్ ఫోన్ చేస్తే అక్కడ మోగుతుంది. ఆశా కార్యకర్త కాగితం పట్టుకొని మహాముత్తారంలో తిరుగుతుంటుంది, బిడ్డ హుజూరాబాద్‌లో అమ్మమ్మ ఒళ్లో ఉంటుంది. 'ఫాలో-అప్‌కు రాలేదు' అని రిజిస్టర్‌లో రాసేస్తాం. రానిది ఎవరు? బిడ్డ ఎక్కడుందో అడిగి రాసుకోని మనమా, వాళ్లా?

మంగపేట వైపు నుంచి ఒక అమ్మమ్మ మనుమణ్ని తీసుకొచ్చింది. బాబుకు అయిదో నెల నడుస్తోంది. 30 వారాలకు పుట్టాడు, ఒక ప్రైవేట్ ఆస్పత్రిలో నెల దగ్గర దగ్గర ఉన్నాడు. డిశ్చార్జి కాగితం భద్రంగా ప్లాస్టిక్ కవర్లో పెట్టి తెచ్చింది. మందులు, టీకాలు, పాలు పట్టే విధానం అన్నీ ఉన్నాయి. అట్టడుగున, ఇంగ్లిషులో, 'కంటి పరీక్ష చేయించవలెను' అని ఒక ముక్క. తేదీ లేదు, ఎక్కడో లేదు, ఎందుకో లేదు. 'గిలక చప్పుడుకు మర్లుతుండు గని దీపం దిక్కు సూస్తలేడు సారూ' అన్నది ఆమె. టార్చి వేస్తే రెండు కంటిపాపలూ తెల్లగా ఉన్నాయి. కెమెరా అవసరం లేని కేసు అది. కెమెరా పని మూడు నెలల ముందే అయిపోయి ఉండాల్సింది.

పరీక్ష సంగతికి వద్దాం. దీన్ని కంటి ఓపీలో కాకుండా మీ వార్డులోనే చేయాలని నేనెందుకు పట్టుబడుతున్నానో చూడండి. కంటిపాపలు పెద్దవి కావడానికి పదీ పదిహేను నిమిషాలకోసారి చుక్కలు వేస్తాం. చెంప మీదికి కారింది వెంటనే తుడవాలి, లేకపోతే చర్మంలోంచి ఒంట్లోకి ఎక్కి బీపీ పెంచుతుంది. వాంతి అవకుండా ముందే పాలు ఆపాలి. బట్టలో గట్టిగా చుట్టి, నోట్లో రెండు చుక్కల పంచదార నీళ్లు వేసి, రెప్పలు విడదీసే చిన్న క్లిప్పు పెడతాం. అప్పుడు బిడ్డ గుండె వేగం పడిపోవచ్చు, ఊపిరి ఆగొచ్చు. ఆ నిమిషంలో పక్కన ఉండాల్సింది బ్యాగ్, మాస్క్, వాటిని వాడటం వచ్చిన మీ సిస్టర్. కంటి ఓపీలో వరుసలో నిలబడ్డ శుక్లాల పెద్దాయన పక్కన ఈ పని చేయలేం.

తలకు ఇండైరెక్ట్ ఆఫ్తాల్మోస్కోప్ పెట్టుకొని, చేతిలో లెన్స్ పట్టుకొని చూడటం మేం నేర్చుకున్న పాత పద్ధతి. ఇప్పటికీ చెల్లుబాటయ్యేదే. కాని చూసింది డాక్టర్ తలలో ఉంటుంది, కాగితం మీద చేతి గీతల బొమ్మ మిగులుతుంది. వచ్చే వారం ఇంకో డాక్టర్ చూస్తే 'పోయినసారి కంటే ముదిరిందా' అన్న ప్రశ్నకు ఆ బొమ్మ జవాబు చెప్పదు. ఈ జబ్బులో అసలు ప్రశ్న అదే.

పిల్లల వైడ్‌ఫీల్డ్ కెమెరా అయితే, కంటి మీద జెల్ వేసి చేతి పిడిని ఆనించి, నడుమ ఒకటి, పైన, కింద, ముక్కు వైపు, చెవి వైపు ఒక్కోటి చొప్పున ఫోటోలు తీస్తుంది. ఒక్కో ఫోటోలో 120 నుంచి 130 డిగ్రీల మేర కనబడుతుంది. నాళాలు ఎక్కడ ఆగాయో ఆ గీత కనబడుతుంది. అంతకంటే ముఖ్యమైనది ఆప్టిక్ డిస్క్ చుట్టూ ఉన్న నాళాల తీరు. సిరలు ఉబ్బి, ధమనులు పాములా మెలికలు తిరిగి ఉంటే 'ప్లస్' అంటాం. చికిత్స చేయాలా వద్దా అన్నది చాలాసార్లు దాని మీదే ఆధారపడుతుంది. ఎంత మెలికను ప్లస్ అనాలో ఆరితేరిన డాక్టర్లకే ఏకాభిప్రాయం కుదరదు. 2021 వర్గీకరణ కూడా, ఇది ఉంది లేదు అని తేల్చే విషయం కాదు, మెల్లగా పెరుగుతూ పోయే తీవ్రత అని ఒప్పుకుంది. ఒక్క కంటి డాక్టర్ జ్ఞాపకం మీద ఇట్లాంటి నిర్ణయం వదిలేయకూడదు. పోయిన వారం ఫోటో, ఈ వారం ఫోటో పక్కపక్కన పెడితే కొత్తగా చేరిన పీజీ విద్యార్థి కూడా తేడా చెప్పగలుగుతాడు. కంప్యూటర్ చేత ప్లస్‌ను కొలిపించే పద్ధతులూ వచ్చాయి, వాటికైనా ముందు ఫోటో ఉండాలి కదా.

జిల్లా వైద్యాధికారులకు ఒక మాట. 'ఫండస్ కెమెరా ఉంది కదా' అని షుగర్ క్లినిక్‌లోని కెమెరాను చూపించకండి. అది పెద్దవాళ్లను కూర్చోబెట్టి, గడ్డం ఆనించి, 45 డిగ్రీల చుట్టుపక్కల తీసేది. బిడ్డ కంట్లో జబ్బు మొదలయ్యే అంచు దానికి అందదు. టెండర్ రాసేటప్పుడు 'నవజాత శిశువులకు, వైడ్‌ఫీల్డ్' అని స్పష్టంగా రాయండి. బెంగళూరులోనే ఇట్లాంటివి తయారవుతున్నాయి.

ప్రతి వార్డుకూ ఒక రెటీనా డాక్టర్ కావాలంటే జరిగే పని కాదు. కర్ణాటకలో 2008లో కిడ్‌రాప్ పేరుతో మొదలైన కార్యక్రమం దీనికి దారి చూపించింది. శిక్షణ పొందిన టెక్నీషియన్ కెమెరాను బండిలో వేసుకొని జిల్లాల్లోని శిశు కేంద్రాలకు వారం వారం పోతాడు. ఫోటోలు తీస్తాడు, దూరాన ఉన్న నిపుణుడు వాటిని తన ఫోన్‌లోనే చూసి అభిప్రాయం చెప్తాడు. మన దగ్గర అది ఎందుకు కాదు? వరంగల్‌లో ఎంజీఎం ఆస్పత్రి ఉంది, ప్రాంతీయ కంటి ఆస్పత్రి ఉంది, 1959 నుంచి కాకతీయ మెడికల్ కాలేజీ ఉంది, రాష్ట్ర ఆరోగ్య విశ్వవిద్యాలయమే ఇక్కడుంది. మహబూబాబాద్, జగిత్యాల, మంచిర్యాల, భూపాలపల్లి, జనగామ, ములుగు అన్నింటా ప్రభుత్వ మెడికల్ కాలేజీలు వచ్చాయి. ఒక కెమెరా, ఒక బండి, ఇద్దరు టెక్నీషియన్లు, సోమవారం ఇటు, గురువారం అటు. వరంగల్‌లో కూర్చొని ఫోటోలు చూడటానికి నాలాంటి వాళ్లం వంతులు వేసుకుంటాం. ఏటూరునాగారం బిడ్డ ఫోటో కోసం వంద కిలోమీటర్లు రానక్కర్లేదు, లేజర్ చికిత్స కావాల్సిన బిడ్డ మాత్రమే వస్తుంది. ఆ బిడ్డకు 102 బండి ఇప్పించే అధికారం మీ చేతుల్లోనే ఉంది. లేజర్ అవసరమని తేలితే 48 నుంచి 72 గంటల్లో జరిగిపోవాలి.

కంటివెలుగులో ఊరూరా శిబిరాలు పెట్టి అద్దాలు పంచిన రాష్ట్రం మనది. ఇంక్యుబేటర్‌లో పడుకున్న బిడ్డ శిబిరానికి నడిచి రాలేదు. 2013లో మొదలైన రాష్ట్రీయ బాల స్వాస్థ్య కార్యక్రమం జాబితాలో ఆర్‌ఓపీ పేరు ఉంది కాబట్టి, ఇది కొత్త పథకం అడగడం కూడా కాదు. కోర్టు సంగతి ఒక్క మాటలో: 1996లో తమిళనాడులో పుట్టిన బిడ్డకు ఈ పరీక్ష చెప్పలేదని 2015లో సుప్రీంకోర్టు సుమారు 1.8 కోట్ల పరిహారం వేసింది. భయపెట్టడానికి చెప్పడం లేదు, ఫైలు కదలడానికి కొన్నిసార్లు ఇది పనికొస్తుంది.

ఫోటోతోనే అంతా అయిపోదని కూడా చెప్పాలి. చివరి అంచు కెమెరాకు అందకపోవచ్చు, అనుమానం ఉంటే ఇండైరెక్ట్‌తో చూడాల్సిందే. ఫ్లోరెసిన్ రంగు ఎక్కించి తీసే యాంజియోగ్రఫీలో, మామూలు ఫోటోలో కనబడని కొత్త నాళాలు రంగు కార్చి బయటపడతాయి. రంగు లేకుండానే నాళాల్లో ప్రవాహాన్ని చూపే ఓసీటీ యాంజియోగ్రఫీ పెద్దవాళ్లకు బాగా పనికొస్తోంది, కాని కదలకుండా చూడమంటే నెల బిడ్డ వింటుందా? ఇవన్నీ పెద్ద సెంటర్ల పని. మీ వార్డులో కావాల్సింది ఆ అయిదు ఫోటోలు.

ఇంకొకటి, ఇది మా కంటి డాక్టర్ల వైపు నుంచి వచ్చిన చిక్కు. నాళాలు చేరని రెటీనాను లేజర్‌తో కాల్చేస్తే వీఈజీఎఫ్ తయారీ తగ్గి జబ్బు సద్దుమణుగుతుంది. ఇప్పుడు వీఈజీఎఫ్‌ను అడ్డుకునే ఇంజెక్షన్ కూడా కంట్లో ఇస్తున్నాం. కొద్ది రోజుల్లోనే నాళాలు ముడుచుకుంటాయి, తల్లిదండ్రులు 'నయమైంది' అనుకుంటారు. మందు ప్రభావం తగ్గాక వారాల తర్వాత, కొన్నిసార్లు నెలల తర్వాత, జబ్బు తిరగబెట్టొచ్చు. అంచున నాళాలు చేరని రెటీనా అట్లాగే మిగిలిపోవచ్చు. ఇంజెక్షన్ ఇచ్చిన బిడ్డను లేజర్ చేసిన బిడ్డ కంటే ఎక్కువ కాలం చూడాలి. టీకాకు మీ దగ్గరికి వచ్చినప్పుడల్లా 'కంటికి మళ్లీ ఎప్పుడు పొమ్మన్నారు' అని ఒక్క ప్రశ్న వేయండి. మా దగ్గరికి రాకపోయినా టీకాకు మీ దగ్గరికి తప్పకుండా వస్తారు.

కెమెరా వచ్చేదాకా ఆగక్కర్లేని పని ఒకటుంది. రబ్బరు స్టాంపు. వరంగల్ చౌరస్తాలో సాయంత్రానికల్లా చేసిస్తారు. 34 వారాలలోపు లేదా రెండు కిలోల లోపు పుట్టిన ప్రతి బిడ్డ కేస్‌షీటు మీద చేరిన రోజే ఒకటి, డిశ్చార్జి కాగితం మీద మొట్టమొదట ఒకటి, తెలుగులో వేయండి. ఖాళీలు నింపకుండా డిశ్చార్జి సంతకం పెట్టకండి. స్టాంపు మీద ఉండాల్సింది ఇది:

నెలలు నిండకముందు పుట్టిన బిడ్డ. కంటి ఫోటో తీయాల్సిన తేదీ ____. తీసే చోటు ____. ఈ తేదీ దాటితే చూపు పోవచ్చు. బిడ్డ ఇప్పుడు ఉండే ఊరు ____. బిడ్డ దగ్గర ఉండేవాళ్ల ఫోన్ ____. మళ్లీ రావాల్సిన తేదీ ____.

ఇట్లు
మీ సహోద్యోగి, రెటీనా డాక్టర్, హనుమకొండ